ప్రపంచమును నవ్వించిన మాక్స్ లిండరు

చలనచిత్రములలో హాస్యమనగానే చార్లీ చాప్లిను పేరు మనకు జ్ఞప్తికి వచ్చుట సహజము. అట్టి చాప్లిను ఒక నటునకు తన ఛాయాపటమును కానుక యిచ్చుచు, అతనిని గురువుగాను, తన్ను శిష్యునిగాను పేర్కొని చేవ్రాలు చేసెను. ఆ గురుస్థాన మందినవాడు ఫ్రెంచి నటుడు మాక్స్ లిండరు. లోకమును నవ్వించిన యీతని యింట సంభవించిన ఘోరమును, పిమ్మట నాతని పుత్రిక తండ్రి కళను కాపాడిన విధమును మన సోదరీమణు లెరుగవలసియున్నది.

ఈతడు 1883 డిసెంబరు 16వ తేదీన, బోర్డో నగరమునకు సమీపమున నున్న సేంట్ లూబే గ్రామమున జన్మించెను. తలిదండ్రులు ద్రాక్షతోటలు గలవారు. కాని బాలుని మనస్సు తోటలపై నిలువక నాటకములపైకి పోయెను. బోర్డోలో నటనాభ్యాసము చేసి, పిమ్మట పారిస్ చేరి, 1905లో పాథే సంస్థవారి చలనచిత్రములలో ప్రవేశించెను.

నాటి హాస్యగాండ్రు పలువురు వికారవేషములతో, పిల్లిమొగ్గలతో నవ్వించెడివారు. మాక్స్ వేష మట్టిది కాదు. పట్టు టోపీ, చక్కని కోటు, చేతికఱ్ఱ, సన్నని మీసము గల సొగసుకాడతడు. అంత నాగరకుడైన పెద్దమనిషి మంచుపై జారిపడినను, విందులో తబ్బిబ్బైనను చూచువారికి నవ్వు వచ్చుట యబ్బురమా? 1912లో యూరపునందంతటను టాంగో నాట్యపు పిచ్చి ముదిరియుండగా, నాతడు టాంగో గురువుగా నటించి యా వ్యామోహమును సయితము పరిహసించెను.

1914లో మహాయుద్ధము వచ్చెను. యుద్ధసేవలో నాతని యారోగ్యము చెడెను. పిమ్మట అమెరికాకు పోయి, చాప్లిను విడిచిన ఎస్సెనే సంస్థలో మూడు చిత్రములు మాత్రము తీసి, జబ్బుతో స్వదేశమునకు మరలెను. మరల అమెరికా చేరి 1921లో "ఏడేండ్ల దురదృష్టము" అను చిత్రమును నిర్మించెను. అందలి యద్దపు ఘట్టము మిక్కిలి ప్రసిద్ధము. సేవకుడు యజమానుని నిలువుటద్దమును పగులగొట్టి, భయపడి, యజమానుని పోలియున్న వంటవానిని ఖాళీ చట్రము వెనుక నిలువబెట్టును. మాక్స్ ముందు నిలిచి యేమి చేసిన వంటవాడు నదే చేయుచుండును! మోసము కనిపెట్టి మాక్స్ వానిపై నొకవస్తువు విసరువేళకు, చట్రమున క్రొత్త యద్దము బిగింపబడియుండును. అది భళ్ళున పగులును. అద్దము పగిలిన నేడేండ్లు కీడు కలుగునని పాశ్చాత్యుల విశ్వాసము.

తెరపై నా కీడు నవ్వు పుట్టించెను. ఇంట నట్లు కాలేదు. 1923లో నాతడు నినెట్ అను యువతిని వివాహమాడెను. 1924 జూన్ నెలలో వారికి మాడ్ అను కుమార్తె కలిగెను. కాని మాక్సును మనోవ్యాధి పీడించుచుండెను; భార్యపై ననుమానము పెరుగుచుండెను. 1925లో పారిస్ నగరమున నాతడును, ఆమెయు మరణించిరి. ఆమెను తనతోకూడ మృత్యువు పాలు చేసినది యాతడే యని చెప్పుదురు. ప్రతిభ యెంత గొప్పదైనను, ఆ యువతి ప్రాణమునకది వెల కాజాలదు. నవ్వించు ముఖము వెనుక నున్న వ్యాధిని ఇంటివారు సకాలమున గుర్తించి చికిత్స చేయింపవలయును. అనుమానమును ప్రేమయని భ్రమపడి భరింపరాదు.

పదునారు నెలల పసికందు మాడ్ అమ్మమ్మ యొద్ద పెరిగెను. తండ్రి కంఠస్వర మామె యెరుగదు. ఆతని ముఖమును తెరపై చూచుట పెద్దదైన తరువాతనే. తల్లిని గోలుపోవుటకు కారకుడైన తండ్రిని ద్వేషించి యూరకుండిన నెవరు తప్పు పట్టగలరు? ఆమె యట్లు చేయలేదు. చెదరిపోయిన చిత్రములను వెదకి సేకరించుటకే జీవితము నర్పించెను. 1963లో మూడు అమెరికా చిత్రములను కూర్చి ప్రదర్శింపజేసెను. 1983లో తండ్రి చరిత్రను "పట్టు టోపీ మనిషి" పేరిట చిత్రముగా తీసెను. 1992లో గ్రంథము వ్రాసెను. 2017లో పరమపదించెను.

తండ్రి తనకు ముచ్చట యొక్కటియు మిగిల్పకపోయినను, ఆ తండ్రిని లోకమునకు మిగిల్చినది కూతురు. మాక్స్ లిండరును చూచి నేడు నవ్వుకొనువారందరును ఆ తల్లికి ఋణపడియున్నారు.