రెండు పడవల మీద గ్రాండ్‌మాస్టర్లు!

చదరంగం మాట ఎత్తగానే మనకు విశ్వనాథన్ ఆనంద్ గుర్తొస్తాడు. గుడివాడ అమ్మాయి కోనేరు హంపి, వరంగల్ కుర్రాడు అర్జున్ ఇరిగైసి గుర్తొస్తారు. "సరే, సినిమా పత్రికలో ఈ చదరంగం గొడవేమిటండీ?" అని మొహం చిట్లించకండి. నేను చెప్పబోయేది ఏనుగులు, గుర్రాల నడక గురించి కాదు. వెండితెర మీద కనిపించిన ఆటగాళ్ళ గురించి, గొంతెత్తి పాడిన ఛాంపియన్ గురించి!

"రెండు పడవల మీద కాళ్ళు పెడితే నడి ఏట్లో మునుగుతావురా" అని మన పెద్దలు అంటూనే ఉంటారు. పాట నేర్చుకుంటానంటే చదువు పోతుందంటారు. నాటకం వేస్తానంటే ఉద్యోగం రాదంటారు. ఆ మాట ఎంతవరకు నిజమో ఈ నలుగురి కథలు చదివి మీరే తేల్చండి.

గెస్టు రోల్‌లో ప్రపంచ ఛాంపియన్

1925లో మాస్కోలో పెద్ద అంతర్జాతీయ చదరంగం పోటీ జరిగింది. అప్పటి ప్రపంచ ఛాంపియన్ కాపాబ్లాంకా క్యూబా నుంచి వచ్చి ఆడాడు. మనిషి మహా అందగాడు. డైరెక్టర్ పుదోవ్‌కిన్ ఊరుకుంటాడా? నిజం పోటీ నడుస్తుండగానే కెమెరా పట్టుకొచ్చి, 'చెస్ ఫీవర్' అనే చిన్న మూకీ తీసేశాడు.

కథ భలే తమాషాగా ఉంటుంది. హీరోకి చదరంగం పిచ్చి. టోపీ గళ్ళది, మేజోళ్ళు గళ్ళవి! ఆట ధ్యాసలో పడి తన పెళ్ళి సంగతే మరిచిపోతాడు. మనసు విరిగిన హీరోయిన్‌కి దారిలో ఎవరు తారసపడతారనుకున్నారు? సాక్షాత్తూ కాపాబ్లాంకా! ఆయనతో కలిసి పోటీ చూడ్డానికి వెళ్ళిన పిల్లకి కూడా అదే జ్వరం తగులుకుంటుంది. ఇంకేం, కథ సుఖాంతం. హీరోయిన్ వేషం వేసిన అన్నా జెంత్సోవా ఎవరో కాదు, డైరెక్టర్‌గారి భార్యే.

సినిమాలో అందరి మనసూ గెలిచిన కాపాబ్లాంకా, అసలు పోటీలో మాత్రం మూడో స్థానంతో సరిపెట్టుకున్నాడు. బోగోల్యూబోవ్ మొదటి వాడు, లాస్కర్ రెండో వాడు. ఇదంతా షూటింగ్ పుణ్యమేనని నేననను సుమా!

ఇంటర్వెల్‌లో చదరంగం

కాపాబ్లాంకా చుట్టపుచూపుగా సినిమాలోకి వచ్చి వెళ్ళాడు. ఇక ఒక కళాకారుడు తన కళను పక్కకు నెట్టి చదరంగంలోకి దూకిన కథ వినండి. ఆయన మార్సెల్ డ్యూషాంప్. చిత్రకళను తలకిందులు చేసిన ఫ్రెంచి మహానుభావుడు.

1924లో పారిస్‌లో ఒక బాలే ప్రదర్శన విరామంలో వేయడానికి రెనే క్లేర్ ఓ చిన్న చిత్రం తీశాడు. పేరు 'ఆంత్రాక్త్'. అంటే ఇంటర్వెల్ అనే అర్థం. అందులో మన డ్యూషాంప్, ఫొటోగ్రాఫర్ మ్యాన్ రేతో మేడమీద కూర్చుని చదరంగం ఆడుతూ కనిపిస్తాడు. ఉన్నట్టుండి ఎక్కడినుంచో నీళ్ళధార వచ్చి పావులన్నిటినీ ఊడ్చుకుపోతుంది!

తర్వాత ఆయన చదరంగం ఒలింపియాడ్‌లలో ఫ్రాన్సు జట్టు తరఫున నాలుగుసార్లు ఆడాడు. కానీ ఇంట్లో సంగతి? 1927లో పెళ్ళయింది. హనీమూన్‌లో కూడా రాత్రిళ్ళు బోర్డు ముందేనట. ఓపిక నశించిన కొత్త పెళ్ళికూతురు, ఆయన నిద్రపోతున్న సమయం చూసి పావులన్నిటినీ బోర్డుకి జిగురుతో అంటించేసిందని చెప్పుకుంటారు. ఏడాది తిరక్కుండానే విడాకులయ్యాయి. పెద్దల మాట ఇక్కడ నెగ్గినట్టే!

పాడలేకపోయిన ప్రపంచ విజేత

ఇప్పుడు వాసిలీ స్మిస్లోవ్. రష్యావాడు, కంచుకంఠం. మాస్కోలోని బోల్షోయ్ థియేటర్ అంటే అక్కడి గాయకులకు దేవాలయంలాంటిది. 1950లో స్మిస్లోవ్ అక్కడ ఆడిషన్‌కి వెళ్ళాడు. ఎంపిక కాలేదు.

కొత్త గాయకుడు ఎవరైనా ఆ రోజు ఏమైపోతాడో మన సినిమా వాళ్ళకు వేరే చెప్పాలా? స్మిస్లోవ్ మాత్రం చదరంగం మీద కూర్చున్నాడు. 1957లో బొత్విన్నిక్‌ని ఓడించి ప్రపంచ ఛాంపియన్ అయ్యాడు. మరుసటి ఏడే ఆ పట్టం పోయింది. పాట మాత్రం పోలేదు. పోటీలు జరిగే ఊళ్ళలోనే కచేరీలు చేసేవాడు.

అరవై దాటాక ఇంకో విచిత్రం. 1983లో జర్మనీ ఆటగాడు హ్యూబ్నర్‌తో ప్రపంచ పోటీ అర్హత మ్యాచ్ ఆడితే ఇద్దరూ సమానమయ్యారు. అదనపు ఆటలు ఆడినా తేలలేదు. చివరికి కాసినోలో రూలెట్ చక్రం తిప్పారు! మొదటిసారి గోళీ సున్నా మీద ఆగింది. మళ్ళీ తిప్పితే స్మిస్లోవ్ గెలిచాడు. ఇలాంటి క్లైమాక్స్ మన రచయితలు రాస్తే "మరీ ఇంత అతకనిదా!" అని విమర్శకులు తిట్టిపోయరూ? అలా ముందుకెళ్ళిన ఆ పెద్దాయన 1984లో ఫైనల్‌దాకా వచ్చి, తన వయసులో మూడోవంతున్న కాస్పరోవ్ చేతిలో ఓడాడు.

బాలనటుడి బతుకు ఆట

స్మిస్లోవ్ పాడితే పియానో మీద సహకారం ఎవరనుకున్నారు? మరో గ్రాండ్‌మాస్టర్ మార్క్ తైమనోవ్. నాకు ఈ నలుగురిలో అందరికన్నా నచ్చిన మనిషి.

పదేళ్ళ వయసులో 'బీథోవెన్ కాన్సర్టో' అనే సోవియట్ చిత్రంలో వయొలిన్ వాయించే కుర్రాడి వేషం వేశాడు. ఆ తర్వాత లెనిన్‌గ్రాడ్ పయొనీర్ల భవనంలో చదరంగం నేర్చుకున్నాడు. గురువు సాక్షాత్తూ బొత్విన్నిక్. 1956లో సోవియట్ ఛాంపియన్! మరోపక్క మొదటి భార్య ల్యుబోవ్ బ్రూక్‌తో కలిసి రెండు పియానోల కచేరీలు. ఇరవయ్యో శతాబ్దపు మహా పియానో విద్వాంసుల రికార్డుల సంపుటాల్లో ఈ జంటకీ చోటు దక్కింది. చదరంగం ఆడితే సంగీతానికి సెలవు, కచేరీ చేస్తే చదరంగానికి సెలవు, కాబట్టి తన జీవితమంతా సెలవులే అని ఆయన సరదాగా చెప్పేవాడు.

ఆ సెలవులు 1971లో ముగిశాయి. కెనడాలోని వాంకూవర్‌లో అమెరికా వాడు బాబీ ఫిషర్‌తో మ్యాచ్. ఆరు ఆటలు, ఆరూ ఓటమి! ఒక్క డ్రా కూడా లేదు. సంగీతమైనా తనకు మిగిలి ఉందని ఆయన అప్పుడు ఊరడించుకున్నాడని చెబుతారు.

స్వదేశంలో దిగగానే కస్టమ్స్ వాళ్ళు పెట్టె విప్పారు. నిషేధానికి గురైన రచయిత సోల్జెనిత్సిన్ నవల దొరికింది. అది సాకు, అసలు నేరం ఓటమే. ప్రభుత్వం ఇచ్చే జీతం ఆపేశారు. విదేశాలకు పోనివ్వలేదు. అప్పుడు పుట్టిన జోకొకటి ఉంది: "పాపం, సోల్జెనిత్సిన్ పెట్టెలో తైమనోవ్ రాసిన చదరంగం పుస్తకం దొరికిందట!" అయితే కొద్ది వారాలకే డెన్మార్క్ వీరుడు లార్సెన్ కూడా ఫిషర్ చేతిలో అదే 6-0తో చిత్తయ్యాడు. తైమనోవ్ కావాలని ఓడలేదని లోకానికి తెలిసొచ్చింది.

తైమనోవ్ మళ్ళీ బోర్డు ముందుకు వచ్చాడు, మళ్ళీ పియానో ముందు కూర్చున్నాడు. 1993, 1994ల్లో వరుసగా ప్రపంచ వృద్ధుల చదరంగం ఛాంపియన్! డెబ్భై ఎనిమిదో ఏట కవలలకు తండ్రి! 2016లో తొంభయ్యేళ్ళ వయసులో కన్నుమూశాడు.

డ్యూషాంప్‌కి సంసారం పడవ మునిగింది, కాదనను. కానీ బోల్షోయ్ తలుపు మూసుకున్నా స్మిస్లోవ్ గొంతు మూగబోలేదు. ఆరు ఓటములు, పైనుంచి సర్కారు శిక్ష కలిసి కూడా తైమనోవ్‌ని ముంచలేకపోయాయి. ఈసారి మీ ఇంట్లో ఎవరైనా రెండు పడవల సామెత ఎత్తితే ఎదురు చెప్పకండి. చదువు పుస్తకం చేతిలో పట్టుకునే ఈ తైమనోవ్ కథ వినిపించండి.