శుభం కార్డు పడ్డాక కూడా ఆట ఉంటుందా? ఎక్స్‌పాన్షన్ ఎండింగ్ మీ సేవ్ ఫైల్‌ని ఏం చేస్తుందంటే...

బీటెక్ సెకండ్ ఇయర్‌లో ఒక రాత్రి హాస్టల్ రూమ్‌లో కూర్చుని ఫాలౌట్ 3 లాస్ట్ మిషన్ పూర్తి చేశాను. అప్పటికి 60 గంటలకు పైగా ఆడి ఉంటాను. నా క్యారెక్టర్ నీళ్ళు శుద్ధి చేసే యంత్రం ఉన్న గదిలోకి వెళ్ళింది, కోడ్ కొట్టింది, రేడియేషన్‌కి కుప్పకూలింది. వెనక నుంచి ఒక గొంతు నాలుగు మాటలు చెప్పింది, పేర్లు పడ్డాయి, మెయిన్ మెనూ వచ్చేసింది. అంతే.

సరే, ఇక మిగిలిన సైడ్ క్వెస్టులు చూసుకుందాం అని సేవ్ లోడ్ చేశా. మళ్ళీ అదే గది. ఇంకో సేవ్ లోడ్ చేశా. అది ఆ గది తలుపు ముందు. మొదట్నుంచీ ఒకే క్విక్‌సేవ్ మీద మళ్ళీ మళ్ళీ సేవ్ చేసుకుంటూ వచ్చాను, ఆటోసేవ్ కూడా ఆ తలుపు దగ్గరే పడింది. పక్క బెడ్ మీదున్న ఫ్రెండ్ అడిగాడు, "మామా, పాత సేవ్ ఏదీ లేదా?" అని. "లేదు రా" అన్నా. "అయితే శుభం కార్డే" అన్నాడు.

తప్పు నాదే. కానీ ఆ రోజు నుంచి ఏ ఓపెన్ వరల్డ్ ఆర్‌పీజీ కొన్నా నేను ముందు చూసేది ఒకటే: కథ అయిపోయాక ఆ ప్రపంచంలో తిరగనిస్తారా? డీఎల్‌సీ కొనేముందు అయితే ఇంకో ప్రశ్న కూడా: దీని ఎండింగ్ నా సేవ్‌ని ఏం చేస్తుంది? ఈ ఆర్టికల్ ఆ రెండో ప్రశ్న గురించి.

ముందే చెప్తున్నా, స్పాయిలర్లు ఉన్నాయి. ఫాలౌట్ 3, న్యూ వెగాస్, స్కైరిమ్, ఎల్డెన్ రింగ్, సైబర్‌పంక్ 2077, విచర్ 3 ముగింపుల గురించి మాట్లాడుకోబోతున్నాం. వీటిలో ఏదైనా ఇంకా ఆడుతుంటే ఆ భాగం వదిలేసి, చివర్లో ఉన్న టిప్స్ చదువుకోండి.

అసలు ఇబ్బంది ఎక్కడొస్తుంది?

మీరు గేమ్‌లో ఒక నిర్ణయం తీసుకున్న ప్రతిసారీ సేవ్ ఫైల్‌లో ఒక చిన్న గుర్తు పడుతుంది. కోడ్ రాసేవాళ్ళం దాన్ని ఫ్లాగ్ అంటాం. ఫలానా వాడు బతికున్నాడా లేదా, ఫలానా ఊరు ఎవరి చేతిలో ఉంది, ఫలానా క్వెస్ట్ ఏ దశలో ఉంది, అన్నీ ఫ్లాగులే. ఒక ఎన్‌పీసీ మీతో నోరు విప్పే ముందు గేమ్ ఆ ఫ్లాగులు చూసి ఏ డైలాగ్ ప్లే చేయాలో తేల్చుకుంటుంది.

ఇప్పుడు లెక్క వేయండి. అవును, కాదు అనే రెండే దారులున్న నిర్ణయాలు 10 ఉన్నాయనుకుందాం. మొత్తం 1024 రకాల ప్రపంచాలు. 20 ఉంటే పది లక్షలు దాటిపోతాయి. మామూలుగా ఇవి ఒకదాన్నొకటి ముట్టుకోవు కాబట్టి బండి నడుస్తుంది. కానీ ఎండింగ్ వేరే సంగతి. రాజు మారతాడు, యుద్ధం ముగుస్తుంది, హీరోనే చచ్చిపోతాడు. అది ప్రతి ఊరినీ, ప్రతి ఎన్‌పీసీనీ తాకుతుంది. ఆ తర్వాత కూడా మిమ్మల్ని తిరగనివ్వాలంటే అందరికీ కొత్త మాటలు రాయాలి, వాయిస్ రికార్డ్ చేయాలి, టెస్ట్ చేయాలి.

న్యూ వెగాస్ చూడండి. హూవర్ డ్యామ్ యుద్ధం ఎన్‌సీఆర్ గెలవొచ్చు, లీజియన్ గెలవొచ్చు, మిస్టర్ హౌస్ గెలవొచ్చు, లేదా మీరే జెండా ఎగరేయొచ్చు. నాలుగు గెలుపులకి నాలుగు మొహావీలు తయారు చేయాలి. 2010లో వచ్చిన ఆ గేమ్ ఆ పని పెట్టుకోలేదు. ఒక్కో ఊరికి, ఒక్కో వర్గానికి ఏమైందో స్లైడ్లలో చూపించి ముగించేసింది. అయితే చివరి మిషన్‌కి ముందు హెచ్చరిక ఇస్తుంది. ఆ మర్యాద చాలు నాకు.

బేస్ గేమ్ సంగతి ఇదైతే, పైన డీఎల్‌సీ వచ్చి కూర్చుంటే ఏమవుతుంది? నేను ఆడినంతలో నాలుగు రకాలు కనిపించాయి.

ఒకటి: ముగింపునే తిరగరాసేవి

దీనికి పెద్ద ఉదాహరణ ఫాలౌట్ 3 డీఎల్‌సీ బ్రోకెన్ స్టీల్. గేమ్ 2008 అక్టోబర్‌లో వస్తే ఇది 2009 మేలో వచ్చింది. ఇది ఉంటే ఆ గదిలో మీరు చావరు. రెండు వారాల తర్వాత స్పృహలోకి వస్తారు. లెవెల్ క్యాప్ 20 నుంచి 30కి పెరుగుతుంది. మీరు ప్రాణం పణంగా పెట్టి శుద్ధి చేసిన నీళ్ళు ఆక్వా ప్యూరా పేరుతో ఊళ్ళకి వెళ్తుంటాయి, వాటి చుట్టూ కొత్త క్వెస్టులు పుడతాయి.

ఇంకో విషయం ఉంది. ఒరిజినల్ ఎండింగ్‌లో రేడియేషన్ ఏమాత్రం సోకని ఫాక్స్ అనే సూపర్ మ్యూటెంట్ మీ పక్కనే ఉన్నా, "ఇది నీ విధి" అన్నట్టు మాట్లాడి లోపలికి వెళ్ళనంటాడు. ఆడినవాళ్ళకి ఒళ్ళు మండింది ఇక్కడే. బ్రోకెన్ స్టీల్ ఉంటే వాణ్ణి పంపొచ్చు.

లాభం తెలుస్తూనే ఉంది, ఆట కొనసాగుతుంది. నష్టం కూడా ఉంది. త్యాగం చేసి మరీ బతికేస్తే ఆ త్యాగానికి బరువేముంటుంది? తర్వాత డీఎల్‌సీతో కలిపి మళ్ళీ ఆడినప్పుడు ఆ గదిలో నాకు ఏమీ అనిపించలేదు. లేస్తానని తెలుసు కదా. హాస్టల్ రాత్రి తిట్టుకున్నా సరే, గుర్తుండిపోయింది మాత్రం ఆ మొదటి చావే.

రెండు: తన పని తాను చూసుకుని ఒక గుర్తు వదిలేవి

ఇవి మెయిన్ కథ జోలికి పోవు. పక్కన తమ కథ నడుపుకుంటాయి, చివర్లో మీ ప్రపంచంలో ఏదో ఒకటి వదిలి వెళ్తాయి.

న్యూ వెగాస్ డీఎల్‌సీ లోన్‌సమ్ రోడ్ చివర్లో అణు క్షిపణులు మీ చేతికొస్తాయి. ఎన్‌సీఆర్ మీద వేయొచ్చు, లీజియన్ మీద వేయొచ్చు, ఇద్దరి మీదా వేయొచ్చు, ఆపేయనూ వచ్చు. వేస్తే మొహావీలో కొత్త ప్రాంతం తెరుచుకుంటుంది, వెళ్ళి చూస్తే మీరు చేసిన ఘనకార్యం కళ్ళ ముందే ఉంటుంది. ఆ వర్గం దగ్గర మీ పరువూ పోతుంది.

అదే గేమ్‌లోని డెడ్ మనీ ఇంకా గడుసుది. అక్కడి కాసినో ఖజానాలో 37 బంగారు కడ్డీలుంటాయి, ఒక్కోటి 35 పౌండ్లు. బయటపడ్డాక ఆ చోటికి తిరిగి వెళ్ళడం ఇక కుదరదు. ఆశ వదులుకోవడం గురించిన కథ అది, అందుకే తలుపు కూడా శాశ్వతంగా మూసేసింది. ముందే చూసుకోకపోతే అక్కడ మర్చిపోయిన వస్తువు పోయినట్టే.

స్కైరిమ్ డ్రాగన్‌బోర్న్‌లో మిరాక్‌ని ఓడించాక ఒక సదుపాయం దొరుకుతుంది. డ్రాగన్ ఆత్మలు ఖర్చుపెట్టి ఒక స్కిల్‌లో పెట్టిన పెర్కులన్నీ వెనక్కి తీసుకోవచ్చు. వందో గంటలో "ఈ బిల్డ్ బోర్ కొట్టింది" అనుకునేవాడికి అది వరం. కథ ముగింపు నేరుగా ఆడే పద్ధతికే ఉపయోగపడటం నాకు తెలిసి చాలా అరుదు.

ఎల్డెన్ రింగ్ షాడో ఆఫ్ ది ఎర్డ్‌ట్రీ (2024 జూన్) అసలు గుర్తే వదలదు. చివరి బాస్‌ని కొట్టాక బేస్ గేమ్‌లోని ఎండింగులు ఎలా ఉన్నాయో అలాగే ఉంటాయి. డీఎల్‌సీలో మీ బలం పెంచే స్కాడూట్రీ బ్లెస్సింగ్ కూడా ఆ కొత్త మ్యాప్‌లోనే పనిచేస్తుంది, పాత మ్యాప్‌లో పనిచేయదు. దానివల్ల బేస్ గేమ్ బ్యాలెన్స్ చెడలేదు. కానీ అంత పెద్ద యుద్ధం గెలిచి తిరిగొస్తే, బయట ఒక్కరికీ పట్టనట్టు ఉంటుంది. ఊరు కాపాడి ఇంటికొస్తే "పాల ప్యాకెట్ తెచ్చావా?" అని అడిగినట్టు!

మూడు: కాలాన్ని వెనక్కి తిప్పేవి

సైబర్‌పంక్ 2077లో ఎంబర్స్ దగ్గర హనాకోని కలిసే మిషన్ నుంచి వెనక్కి రాలేరు. ఎండింగ్ చూశాక గేమ్ మిమ్మల్ని మళ్ళీ ఆ మిషన్‌కి ముందుకి తెచ్చి వదులుతుంది. మా భాషలో రోల్‌బ్యాక్. ప్రపంచం పాత స్థితికి పోతుంది, మీరు మాత్రం తెలిసిందంతా మోసుకొస్తారు.

2023 సెప్టెంబర్ 26న వచ్చిన ఫాంటమ్ లిబర్టీ దీని మీద ఇంకో పొర వేసింది. ఇక్కడ రెండు ముగింపులున్నాయని గుర్తుపెట్టుకోవాలి. మొదటిది డీఎల్‌సీ కథ ముగింపు: సాంగ్‌బర్డ్‌ని ఏం చేశారు? ఇది సేవ్‌లో పర్మనెంట్‌గా ఉండిపోతుంది, రోల్‌బ్యాక్ లేదు. రెండోది ఆ నిర్ణయాన్ని బట్టి తెరుచుకునే ది టవర్ అనే కొత్త గేమ్ ఎండింగ్. సాంగ్‌బర్డ్‌ని ప్రభుత్వానికి అప్పగిస్తేనే అది దొరుకుతుంది. ఆమెని చంద్రుడి మీదకి పంపేసినా, ఆమె కోరినట్టు చంపేసినా టవర్ తలుపు మూసుకుపోయినట్టే.

నేను అప్పగించాను. టవర్ చూశాను. వీ జబ్బు నయమవుతుంది, కానీ కళ్ళు తెరిచేసరికి రెండేళ్ళు గడిచిపోయి ఉంటాయి. జానీ లేడు. యుద్ధానికి పనికొచ్చే సైబర్‌వేర్ ఏదీ ఇక ఆ ఒంట్లో పనిచేయదు. ఫ్రెండ్స్ ఎవరి బతుకులు వాళ్ళు చూసుకున్నారు. నైట్ సిటీలో లెజెండ్ అవ్వాలనుకున్న మనిషి వీధి రౌడీల చేతిలో తన్నులు తిని, గుంపులో ఒకడిగా నడిచి వెళ్ళిపోతాడు.

పేర్లు పడ్డాయి. మళ్ళీ పాత సేవ్. జానీ పక్కనే సిగరెట్ కాలుస్తున్నాడు, చేతుల్లో మాంటిస్ బ్లేడ్లు ఉన్నాయి, ఎల్ కాపిటాన్ కారు దొంగతనం పనికి రమ్మంటున్నాడు. మ్యాప్‌లో డాగ్‌టౌన్ తెరిచే ఉంది, ఎయిర్‌డ్రాప్‌లు పడుతూనే ఉన్నాయి. టెక్నికల్‌గా ఆడటానికి బోలెడుంది. కానీ రెండు గిగ్‌లు చేసి ఆపేశా. ఫోన్‌లో జూడీ నంబర్ చూస్తుంటే, రెండేళ్ళ తర్వాత ఈమె ఎక్కడుంటుందో నాకు తెలుసు కదా అనిపించింది. సేవ్ వెనక్కి వెళ్ళింది, నేను వెళ్ళలేకపోయాను.

నా రూమ్మేట్ సాంగ్‌బర్డ్‌ని చంద్రుడికి పంపాడు. టవర్ వాడికి దొరకలేదు, దాని గురించి వాడికి బాధా లేదు. ఇప్పటికీ వారానికోసారి నైట్ సిటీలో చక్కర్లు కొడతాడు.

నాలుగు: ఉండటానికి ఒక ఇల్లు ఇచ్చేవి

విచర్ 3 మెయిన్ కథ అయ్యాక కూడా మ్యాప్‌లోకి వదులుతారు. కానీ ఆట మొత్తం ఎవరికోసం వెతికామో ఆ సిరి ఎక్కడా కనబడదు. వెలెన్ బురదలో ఒంటరిగా ప్రశ్న గుర్తులు చెరుపుకుంటూ తిరగడం ఏదోలా ఉంటుంది.

2016 మే 31న వచ్చిన బ్లడ్ అండ్ వైన్ ఈ వెలితిని కనిపెట్టింది. టూసాన్ అనే కొత్త దేశం, అందులో కోర్వో బియాంకో అనే ద్రాక్షతోట మీ సొంతం. డబ్బు పెట్టి మంచం, గుర్రపుశాల, ల్యాబ్ బాగు చేయించుకోవచ్చు, కవచాలు ప్రదర్శనకి పెట్టుకోవచ్చు. చివర్లో మీ ఇంటికి ఒకరు వస్తారు. ఎవరన్నది మీరు ఆడిన తీరుని బట్టి ఉంటుంది: యెన్నెఫర్, ట్రిస్, సిరి, లేదా డాండెలియన్. వంద గంటల కింద తీసుకున్న నిర్ణయం ఇక్కడ గుమ్మం దగ్గరికి వస్తుంది.

గమనించండి, డెవలపర్లు ప్రపంచం మొత్తాన్ని మార్చలేదు. 1024 ప్రపంచాల లెక్కలోకి దిగలేదు. ఒక్క ఇల్లు, ఒక్క అతిథి, నాలుగు రకాలు. ఖర్చు తక్కువ, ఫలితం ఎక్కువ. ఆ తర్వాత గ్రాండ్‌మాస్టర్ గేర్ కోసం ఎంత దూరం తిరిగినా, పని ముగించుకుని ఇంటికి పోతున్నట్టే ఉంటుంది.

ఇన్ని ఆడాక నాకర్థమైంది ఇదే. ఎండింగ్ సుఖాంతమా విషాదమా అన్నది ఆట కొనసాగడానికి అంత ముఖ్యం కాదు. మర్నాడు పొద్దున ఆ క్యారెక్టర్ నిద్రలేవడానికి ఒక కారణం మిగిల్చిందా లేదా అన్నదే ముఖ్యం. టవర్ నేను చూసిన ఎండింగుల్లో గొప్పది, కానీ అది నా ఆటని ముగించేసింది. బ్లడ్ అండ్ వైన్ కొనసాగించింది. రెండూ డబ్బులకి న్యాయం చేశాయి, ఏది ఎప్పుడు ఆడాలన్నదే మనం తెలుసుకోవాలి.

మీరు చేయాల్సినవి

- మాన్యువల్ సేవ్ వేరుగా పెట్టుకోండి. గేమ్ హెచ్చరిక చూపించగానే కొత్త స్లాట్‌లో సేవ్ చేయండి. క్విక్‌సేవ్‌ని, ఆటోసేవ్‌ని నమ్ముకోవద్దు. నా గతి చూశారుగా.
- ఫాంటమ్ లిబర్టీలో ఫైర్‌స్టార్టర్ మిషన్‌కి ముందు ఒక సేవ్ ఉంచుకోండి. రీడ్ వైపా, సాంగ్‌బర్డ్ వైపా అన్నది అక్కడే తేలుతుంది.
- సైబర్‌పంక్‌లో గిగ్‌లు, సైడ్ జాబ్‌లు ఇంకా ఆడాలనుంటే అవన్నీ అయ్యాకే టవర్ చూడండి. ఫోన్‌లో రీడ్ నంబర్ ఎక్కడికీ పోదు.
- విచర్ 3లో మెయిన్ కథ, హార్ట్స్ ఆఫ్ స్టోన్, ఆఖరికి బ్లడ్ అండ్ వైన్. ఈ వరస తప్పొద్దు.
- న్యూ వెగాస్‌లో నాలుగు కథా డీఎల్‌సీలూ హూవర్ డ్యామ్‌కి ముందే పూర్తి చేయండి. తర్వాత అంటూ ఏమీ లేదు.
- ఫాలౌట్ 3 ఇప్పుడు కొనేవాళ్ళు బ్రోకెన్ స్టీల్ కలిసున్న ఎడిషనే తీసుకోండి. ఆ చావుకి విలువ తగ్గినా పర్లేదు, 60 గంటల సేవ్ మిగులుతుంది.

నా కోర్వో బియాంకో సేవ్ ఇప్పటికీ ల్యాప్‌టాప్‌లో ఉంది. ఆఫీసులో రిలీజ్ రోజు పీడకలగా గడిస్తే, ఇంటికొచ్చి అరగంట ఆ తోటలో తిరిగి ఆపేస్తా. ఏ క్వెస్టూ చేయను.