ఫైబర్ ఉన్నా రూమ్ కనబడదు

1997లో వచ్చిన 'ఏజ్ ఆఫ్ ఎంపైర్స్' ఆటను ఎనిమిది మంది కలిసి ఇంటర్నెట్‌లో ఆడుకునేలా తయారు చేసినప్పుడు, దాని ఇంజినీర్లు లెక్కలోకి తీసుకున్న కనెక్షన్ వేగం సెకనుకు 28.8 కిలోబిట్లు. ఫోను తీగ మీద కీచుమంటూ కలిసే మోడెమ్ అది. ఇవాళ హైదరాబాద్ హఫీజ్‌పేట్‌లో ఒక మామూలు ఫ్లాట్‌కి వచ్చే 100 మెగాబిట్ల ఫైబర్ దానికి మూడు వేల రెట్ల పైమాటే. అయినా ఆ ఆటకు 1999లో వచ్చిన రెండో భాగాన్ని పాత సీడీ నుంచి ఎక్కించి, పక్కనే కొండాపూర్‌లో ఉన్న స్నేహితుడితో ఆడబోతే పని జరగదు. "రూమ్ కనిపిస్తలేదు మామా" అన్న దగ్గరే ఆగిపోతుంది. సన్నటి తీగ మీద నడిచిన ఆట ఇంత వేగం వచ్చాక ఎందుకు మొరాయిస్తోంది?

వేగం దీనికి ఎప్పుడూ సమస్య కాదు. అసలు ఈ ఆట నెట్ మీద పంపేదే చాలా తక్కువ. ఎందుకు తక్కువో తెలిస్తే తరవాతి చిక్కులు సగం విడిపోతాయి కాబట్టి ముందు ఆ సంగతి చూద్దాం.

ఆట రాసిన ఎన్‌సెంబుల్ స్టూడియోస్‌కి చెందిన పాల్ బెట్నర్, మార్క్ టెరానో 2001లో గేమ్ డెవలపర్స్ కాన్ఫరెన్స్‌లో ఈ కథంతా వివరించారు. ఒక్కో సైనికుడు ఎక్కడున్నాడు, ఎటు తిరిగాడు, ఏం చేస్తున్నాడు, ఎంత దెబ్బ తిన్నాడు అన్న వివరాలన్నీ మోడెమ్ మీద పంపాలంటే మొత్తం ఆటలో కదిలే బొమ్మలు 250కి మించకూడదని లెక్క తేలింది. వాళ్లకు కావాల్సింది ఏకంగా పదిహేను వందల మంది విలుకాళ్లు. అందుకని ఆ వివరాలు పంపడమే మానేశారు. ఆటగాడు ఇచ్చిన ఆజ్ఞ ఒక్కటే తీగ మీద వెళ్తుంది: ఫలానా విలుకాళ్లు ఫలానా చోటికి కదలాలి, అంతే. యుద్ధం మొత్తాన్నీ ప్రతి కంప్యూటరూ తనంతట తాను విడిగా లెక్క కట్టుకుంటుంది. ఎనిమిది మంది ఇళ్లలో ఎనిమిది యుద్ధాలు జరుగుతాయి. అవన్నీ అక్షరం పొల్లుపోకుండా ఒక్కలాగే జరగాలి. దీన్ని లాక్‌స్టెప్ అంటారు.

ఆజ్ఞలు అందరికీ చేరడానికి వ్యవధి కావాలి. ఆటను సుమారు 200 మిల్లీసెకన్ల విడతలుగా కోసి, ఇప్పుడిచ్చిన ఆజ్ఞను రెండు విడతల తర్వాత అమలు చేశారు. పరీక్షల్లో తేలింది ఏమిటంటే, 250 మిల్లీసెకన్ల ఆలస్యాన్ని ఆటగాళ్లు గమనించనే లేదు. 500 దాకా హాయిగా ఆడారు. మౌస్ నొక్కగానే సైనికుడు "సరే" అన్నట్టు ఒక కూత పెడతాడు చూడండి, ఆ కూత వెంటనే వినబడితే చాలు, కాలు ఆలస్యంగా కదిపినా మనసు పట్టించుకోదు. నన్నడిగితే ఆ ఆటలోని తెలివంతా ఆ కూతలోనే ఉంది.

ప్రమాదం మరోచోట ఉంది. రెండు కంప్యూటర్ల లెక్కల్లో వెంట్రుకవాసి తేడా వస్తే ఆట చెడుతుంది. ఆ ఇంజినీర్లు చెప్పిన ఉదాహరణ ఒక జింకది. మ్యాప్ తయారైనప్పుడు ఒక కంప్యూటర్‌లో జింక కాస్త పక్కకు తిరిగి నిలబడింది. అందువల్ల అది కాస్త వేరే చోట మేసింది. కొన్ని నిమిషాలకు దాన్ని వేటాడబోయిన మనిషి దారి కొంచెం మారింది, బల్లెం గురి తప్పింది, మాంసం లేకుండా ఇంటికొచ్చాడు. ఒక ఇంట్లో ఆహారం ఉంది, మరో ఇంట్లో లేదు. రెండు యుద్ధాలూ రెండు దారులు పట్టాయి. 'అవుట్ ఆఫ్ సింక్' అని తెర మీద పడి ఆట ఆగిపోతుంది. నలుగురు ఆడేటప్పుడు నలుగురి దగ్గరా ఒకే వెర్షన్ ఉండాలని పాతకాపులు పట్టుబట్టేది ఇందుకే. రెండో భాగానికి అనుబంధంగా వచ్చిన 'ది కాంకరర్స్' ఆడేవాళ్లయితే అందరూ 1.0సీ ప్యాచ్ వేసుకోవాలి. ఎవరైనా మోడ్ వేసుకుంటే అందరూ అదే వేసుకోవాలి. ఆట రికార్డింగ్ ఫైలు అంత చిన్నగా ఉండడానికీ కారణం ఇదే. అందులో ఉండేది వీడియో కాదు, ఆజ్ఞల చిట్టా.

ఇంత పొదుపైన ఆటను ఆపుతున్నది చిరునామా. ఇంటర్నెట్‌లో పాత పద్ధతి, అంటే ఐపీవీ4 చిరునామాలు మొత్తం సుమారు 429 కోట్లు. మన ఆసియా పసిఫిక్ ప్రాంతానికి వాటిని పంచే ఏపీనిక్ సంస్థ 2011 ఏప్రిల్‌కే చివరి మూటకు చేరుకుంది. అప్పటికే ఇళ్లలో రౌటర్లు ఒక ఉపాయం నడిపిస్తున్నాయి. ఇంటికంతా బయట ఒకే చిరునామా, లోపల ఫోన్లకూ ల్యాప్‌టాప్‌లకూ 192.168తో మొదలయ్యే సొంత నంబర్లు. దీని పేరు నాట్. గేటెడ్ కమ్యూనిటీలో వాచ్‌మన్ పద్ధతి ఇదే. మీరు ఫోన్ చేసి పార్సిల్ తెప్పించుకుంటే ఏ ఫ్లాట్‌కో అతనికి తెలుసు, పంపిస్తాడు. ఎవరో చెప్పాపెట్టకుండా వచ్చి "లోపల ఆట పెట్టారట" అంటే గేటు దగ్గరే ఆపేస్తాడు. వెబ్‌సైటు చూడ్డానికీ సినిమా చూడ్డానికీ మొదట అడిగేది మనమే కాబట్టి ఇబ్బంది లేదు. ఆటకు హోస్టుగా కూర్చున్నవాడి దగ్గరికి మాత్రం బయటివాళ్లు అడక్కుండా రావాలి.

ఒక గేటయితే సర్దుకోవచ్చు. రౌటర్ సెట్టింగుల్లోకి వెళ్లి ఫలానా పోర్టుకు వచ్చింది ఫలానా కంప్యూటర్‌కు పంపమని రాసిపెట్టుకోవచ్చు. చిరునామాలు కరవయ్యాక ఇంటర్నెట్ కంపెనీలు తమ వైపున రెండో గేటు పెట్టాయి. అది క్యారియర్ గ్రేడ్ నాట్, వాడుకలో సీజీనాట్. వందల ఇళ్లు ఒకే బయటి చిరునామా వెనక ఉంటాయి, ఆ గేటు తాళాలు మన చేతిలో ఉండవు. ఇందుకోసమే 2012లో 100.64తో మొదలై 100.127 దాకా సుమారు 42 లక్షల చిరునామాలను ప్రత్యేకంగా పక్కన పెట్టారు. ఐపీవీ6 వాడకంలో మన దేశం ప్రపంచంలోనే ముందు వరుసలో ఉంది, అక్కడ చిరునామాలకు కొదవ లేదు. కానీ 1999 నాటి ఆటకు ఐపీవీ6 అన్నది ఒకటుందని తెలియదు.

ఆటలోనూ ఒక మడతపేచీ ఉంది. ఆ కాలపు విండోస్ ఆటలు నెట్‌వర్క్ పనిని మైక్రోసాఫ్ట్ వారి డైరెక్ట్‌ప్లేకి అప్పగించేవి. అది 47624 పోర్టు, 2300 నుంచి 2400 దాకా పోర్టులు వాడుకుంటుంది. పైగా పంపే సందేశం లోపల కూడా తన చిరునామా రాస్తుంది. రౌటర్ పైన ఉన్న చిరునామాను మారుస్తుంది గానీ లోపలిది ముట్టుకోదు. అవతలివాడు లోపల రాసిన 192.168 నంబరుకు జవాబు పంపుతాడు, అది వాడి ఇంట్లోనే తిరుగుతుంది. ఒకే చోటి నెట్‌వర్క్‌లో, అంటే ల్యాన్‌లో ఆడే ఆటల సంగతి మరీ అమాయకం. "ఇక్కడ ఎవరైనా ఆట పెట్టారా?" అని నెట్‌వర్క్‌లోని అందరికీ ఒక కేక వేస్తాయి. ఆ కేక రౌటర్ దాటి బయటికి పోదు. ఇంజినీరింగ్ కాలేజీ హాస్టల్లో అందరూ ఒకే స్విచ్‌కి తగిలించుకున్నప్పుడు ఆ కేక చాలింది.

ఈ ల్యాన్ ఆటల్ని బయటి ప్రపంచానికి కలిపే ప్రయత్నం కొత్తది కాదు. 1993 డిసెంబరులో వచ్చిన 'డూమ్' ఐపీఎక్స్ అనే ఆఫీసు నెట్‌వర్క్ భాషలో మాట్లాడేది. ఆ సందేశాలను ఇంటర్నెట్ మీదుగా మోసే 'కాలి' అనే ప్రోగ్రాము 1995 నాటికే ఉంది. తర్వాత ఆటగాళ్లను నెట్‌లో కలిపే మైక్రోసాఫ్ట్ జోన్ వచ్చింది, అందులోని సీడీ ఆటల వేదికను 2006లో మూసేశారు. అలాంటిదే అయిన గేమ్‌స్పై ఇంకా పెద్దది. 2014 మే 31న దాని సర్వర్లు ఆగాయి, ఆ మూసివేతతో 'బ్యాటిల్‌ఫీల్డ్ 2' లాంటివి దిక్కులేనివయ్యాయి. ఇక్కడొక హైదరాబాద్ ముడి ఉంది. గేమ్‌స్పై సాంకేతిక విభాగాన్ని 2012లో కొన్నది గ్లూ మొబైల్, దానికి హైదరాబాద్‌లో స్టూడియో ఉండేది. 'బ్యాటిల్‌ఫీల్డ్' సొంతదారు ఎలక్ట్రానిక్ ఆర్ట్స్‌కూ ఇక్కడ స్టూడియో ఉంది, 2021లో అదే గ్లూని కొనేసింది. మూసినవాళ్లూ నష్టపోయిన ఆటలవాళ్లూ చివరికి ఒకే గూటికి చేరారన్నమాట.

మిగిలినవాటిలో నాకు నచ్చేది గేమ్‌రేంజర్. ఆస్ట్రేలియాకు చెందిన స్కాట్ కెవిల్ 1999లో మ్యాక్ కోసం మొదలుపెట్టి 2008లో విండోస్‌కి తెచ్చాడు. ఉచితంగానే నడుస్తుంది. అది చేసే పని రెండు రకాలు. ఇద్దరు ఆటగాళ్లూ ముందు దాని సర్వర్‌కి కనెక్ట్ అవుతారు కాబట్టి ఎవరి బయటి చిరునామా ఏమిటో దానికి తెలుస్తుంది. ఇద్దరికీ ఒకేసారి "అవతలివాడికి ఓ సందేశం పంపు" అని చెబుతుంది. రెండు ఫ్లాట్లవాళ్లూ తమ తమ వాచ్‌మన్లకు "ఫలానావాళ్లు వస్తారు" అని ముందే చెప్పినట్టు అవుతుంది, రెండు గేట్లూ తెరుచుకుంటాయి. దీన్ని హోల్ పంచింగ్ అంటారు. రెండో పని, ఆటకు అవతలివాళ్లంతా పక్క గదిలోనే ఉన్నారని నమ్మించడం.

ఇక ఎక్కించే సంగతి. గేమ్‌రేంజర్ ఆటను ఇవ్వదు, ఆట మీ దగ్గర ఉండాలి. విండోస్ 10, 11లలో డైరెక్ట్‌ప్లే మూలన పడి ఉంటుంది. కంట్రోల్ ప్యానెల్‌లో విండోస్ ఫీచర్ల పట్టిక తెరిచి, లెగసీ కాంపోనెంట్స్ కింద దానికి టిక్ పెట్టాలి. గేమ్‌రేంజర్ 16000 నంబరు యూడీపీ పోర్టు వాడుతుంది, ఫైర్‌వాల్ అడిగినప్పుడు అనుమతి ఇవ్వాలి. ఆ అడిగే పెట్టె ఒక్కోసారి ఆట తెర వెనక దాక్కుంటుంది, అది గమనించక గంటలు పోగొట్టుకున్నవాళ్లున్నారు. ఆట ప్రోగ్రాము ఎక్కడుందో చూపించి, ఒకరు హోస్ట్ చేస్తే మిగతావాళ్లు జాయిన్ కావడమే. గడ్డి ఊదా రంగులో, నీళ్లు ఎర్రగా కనిపిస్తే కంగారు పడకండి. ఆ ఆట 256 రంగుల పట్టికతో గీస్తుంది, విస్టా, విండోస్ 7లలో డెస్క్‌టాప్ ప్రోగ్రాము ఆ పట్టికను చెడగొట్టేది. ఇంకో అడ్డంకి, ఆ కాలపు చాలా సీడీల్లో ఉన్న సేఫ్‌డిస్క్ తాళం. దానికి విండోస్ 10లో చోటే లేదు. అలాగని ఊరూపేరూ లేని సైటు నుంచి క్రాక్ దింపుకుంటే, ఆటతో పాటు ఇంకేం ఇంట్లోకి వస్తుందో చెప్పలేం.

అన్నీ చేసినా కలవకపోతే సీజీనాట్‌ని అనుమానించాలి. రౌటర్ పేజీలో వ్యాన్ చిరునామా, అంటే బయటి వైపు చిరునామా చూడండి. అది 100.64 నుంచి 100.127 మధ్య ఉన్నా, 10తో మొదలైనా మీరు రెండో గేటు వెనక ఉన్నట్టే. అందరిలో సొంత చిరునామా ఉన్నవాడు హోస్ట్ చేస్తే చాలాసార్లు గండం గడుస్తుంది. లేదంటే ఇంటర్నెట్ కంపెనీని అడిగి డబ్బు కట్టి స్టాటిక్ ఐపీ తీసుకోవాలి. అదీ కాదంటే హమాచీ, జీరోటియర్, రాడ్మిన్ లాంటి వర్చువల్ ల్యాన్. ఇవి ప్రతి కంప్యూటర్‌కూ ఒక ఉత్తుత్తి నెట్‌వర్క్ కార్డు తగిలించి అందరినీ ఒకే ల్యాన్‌లో కూర్చోబెడతాయి. హమాచీ మొదట్లో 5తో మొదలయ్యే చిరునామాలను ఎవరూ వాడట్లేదు కదా అని వాడుకునేది. 2010లో వాటిని నిజంగానే యూరప్‌కి కేటాయించడంతో తర్వాత 25కి మారింది, అవి బ్రిటన్ రక్షణ శాఖవి! ఒక జాగ్రత్త మాత్రం ఉంది. వర్చువల్ ల్యాన్‌లో చేరినవాడు మీ ఇంటి వైఫైలో చేరినవాడితో సమానం, ముఖం తెలియనివాళ్లను పిలవకండి.

మన వైపు ప్రత్యేకంగా కనిపించే చిక్కు ఆఫీసు ల్యాప్‌టాప్. కంపెనీ వీపీఎన్ నడుస్తుంటే పాత ఆట ముందు కనబడిన ఆ వీపీఎన్ కార్డునే పట్టుకుంటుంది, కేక ఆఫీసు నెట్‌వర్క్‌లోకి పోతుంది. సోమవారం ఐటీ సెక్యూరిటీవాళ్లకు జవాబు చెప్పుకోవడం కంటే ఇంట్లో మూలనున్న పాత డెస్క్‌టాప్ దుమ్ము దులపడం మేలు.

కౌంటర్ స్ట్రైక్ 1.6 దారి వేరు.  2003 సెప్టెంబరులో స్టీమ్ అనే ఆటల వేదికతో పాటు ఈ ఆటా వచ్చింది. అక్కడ యుద్ధం ఒక్కటే, అది సర్వర్‌లో జరుగుతుంది. ఆ సర్వర్ చిరునామా, 27015 పోర్టు తెలిస్తే చాలు. తుపాకీ ఆట కాబట్టి 250 మిల్లీసెకన్ల ఆలస్యాన్ని మాత్రం ఎవరూ క్షమించరు.

'ఏజ్ 2'కు 2019లో వచ్చిన డెఫినిటివ్ ఎడిషన్ అందరూ కొనుక్కుంటే ఈ తలనొప్పులేవీ ఉండవు, దానికి విడిగా కొనుక్కునే అదనపు భాగంలో ద్రవిడులు కూడా ఉన్నారు. గ్రాఫిక్స్ కార్డు లేని పాత కంప్యూటర్ ఒక్కటున్నా ఆ మాట కుదరదు, ఎనిమిది మందిలో అలాంటివాడు ఒకడు తప్పక ఉంటాడు.

ఎనిమిది మందిలో ఒకడు డల్లాస్‌లో కూడా ఉంటాడు. ఎన్‌సెంబుల్ స్టూడియోస్ ఉండేదీ ఆ ఊళ్లోనే. హైదరాబాద్‌కి అది సుమారు 14,400 కిలోమీటర్లు. గాజు తీగలో వెలుతురు సెకనుకు రెండు లక్షల కిలోమీటర్లు పోతుంది కాబట్టి, కేబుల్ సరళరేఖలో వేసినా సందేశం వెళ్లి రావడానికి 140 మిల్లీసెకన్లు దాటుతుంది. వంకర దారుల వల్ల నిజంగా పట్టేది అంతకంటే ఎక్కువే. ఏ ప్లాన్ కొన్నా ఇది తగ్గదు. లాక్‌స్టెప్ కాబట్టి అందరిలో నిదానంగా ఉన్నవాడి కోసమే ఆట నిదానిస్తుంది, అయినా 500 మిల్లీసెకన్ల లోపే కాబట్టి నడుస్తుంది. టైమే అసలు ఇబ్బంది. ఇక్కడ శనివారం ఉదయం 8 గంటలంటే అక్కడ వేసవిలో శుక్రవారం రాత్రి 9:30, చలికాలంలో 8:30. మార్చిలో, నవంబరులో వాళ్లు గడియారం మార్చుకునే ముందే ఒక మెసేజ్ పెట్టుకోకపోతే, ఏడుగురు రూమ్‌లో కూర్చుని ఎనిమిదోవాడి కోసమో, వాడు వీళ్ల కోసమో గంట ఎదురుచూడాల్సి వస్తుంది.