పాతబస్తీలో వరద జాడ

ఆదివారం పొద్దున ఏడింటికి చార్మినార్ చుట్టూ షట్టర్లన్నీ దించే ఉంటాయి. తోపుడు బళ్లు ఇంకా రావు. ఇరానీ హోటళ్ల ముందు మాత్రం చాయ్ కప్పులు పట్టుకుని నలుగురైదుగురు నిలబడి ఉంటారు. హైదరాబాద్‌లో హెరిటేజ్ వాక్‌లు నడిపేవాళ్లు ఈ వేళనే ఎంచుకోవడానికి ఎండ ఒక్కటే కారణం కాదు. పది దాటిందంటే పత్తర్‌గట్టిలో చీరలు, షేర్వానీలు, అత్తరు సీసాలు, బోర్డులు తప్ప గోడ అనేది కనిపించదు. దుకాణాలు తెరవకముందు వెళ్తేనే రాతిపని కంటికి ఆనుతుంది.

చార్మినార్ చూడని తెలుగువాళ్లు తక్కువే. స్కూలు టూరులోనో, పెళ్లి బట్టలకొచ్చినప్పుడో ఒకసారి తల పైకెత్తి చూసి, ఫొటో దిగి, లాడ్ బజార్‌లో గాజులు కొనుక్కుని వెళ్లిపోతారు. నడకలకొచ్చే బృందాల్లో పరాయి రాష్ట్రాలవాళ్లు, విదేశీయులు ఉంటారు గానీ, ఏళ్ల తరబడి కూకట్‌పల్లిలోనో గచ్చిబౌలిలోనో ఉంటూ మూసీ నది మీది నయాపూల్ వంతెన దాటని హైదరాబాదీలూ వాళ్లలో కనిపిస్తారు. విచిత్రమేమిటంటే ఈ నడకలు చాలావరకు ఇంగ్లిషులోనే సాగుతాయి. కొన్ని ఉర్దూ కలిసిన హిందీలో. తెలుగులో చెప్పేవాళ్లు కావాలంటే వెతుక్కోవాలి.

మన దేశంలో ఇలాంటి నడకలకు ఒరవడి పెట్టిన ఊళ్లలో ముందు చెప్పుకోవాల్సింది అహ్మదాబాద్. అక్కడి మున్సిపల్ కార్పొరేషన్ 1997లో కాలూపూర్ స్వామినారాయణ మందిరం నుంచి జామా మసీదు దాకా పొద్దుటి నడక మొదలుపెట్టింది. పోల్ అని పిలిచే ఇరుకు సందుల పేటల్లో, జనం కాపురాలుండే చెక్క ఇళ్ల మధ్య నుంచి ఆ దారి వెళ్తుంది. ఇరవై ఏళ్లకు, 2017లో, యునెస్కో ప్రపంచ వారసత్వ నగరంగా గుర్తించిన తొలి భారతీయ నగరం అహ్మదాబాదే అయింది. నడకే ఆ గుర్తింపు తెచ్చిందనడం అతిశయోక్తి గానీ, ఊరివాళ్లకు తమ ఊరిని చూపించే పని మాత్రం అది చేసింది. హైదరాబాద్ విషయానికొస్తే, చార్మినార్, గోల్కొండ, కుతుబ్‌షాహీ సమాధులు కలిసి 2010 నుంచీ యునెస్కో తాత్కాలిక జాబితాలోనే ఉన్నాయి.

హైదరాబాద్ పాతబస్తీలో ఎక్కువమంది వెళ్లే దారి చార్మినార్ నుంచి లాడ్ బజార్ మీదుగా చౌమహల్లా ప్యాలెస్‌కు. అందమైన దారే. షాండ్లియర్లు, నిజాముల బగ్గీలు, కార్లు అన్నీ అటే. ఉత్తరంగా మూసీ వైపు వెళ్లే దారికి అంత గిరాకీ లేదు. అటూ ఇటూగా రెండు కిలోమీటర్లుండే ఆ దారిలో మాత్రం పాతబస్తీ ఇప్పుడున్న రూపం ఎలా వచ్చిందో మెట్టు మెట్టుగా తెలుస్తుంది.

మొదలు ఎలాగూ చార్మినారే. 1591లో గోల్కొండ పాలకుడు మహమ్మద్ కులీ కుతుబ్‌షా కట్టించాడు. గోల్కొండ కోట ఇరుకైపోవడంతో మూసీకి దక్షిణంగా కొత్త నగరం వేశారు. దాని రూపకల్పన ఆయన పేష్వా, అంటే ప్రధానమంత్రి, మీర్ మోమిన్ అస్త్రాబాదీదని చెప్తారు. నాలుగు కమానులు నాలుగు దిక్కులకు, వాటిలోంచి నాలుగు రోడ్లు. గోల్కొండ నుంచి మచిలీపట్నం రేవుకు వెళ్లే వర్తకుల దారి ఈ చోటు మీదుగానే పోయేది. కృష్ణా జిల్లా నుంచి వచ్చినవాళ్లు బృందంలో ఉంటే ఆ మాట దగ్గర ఒకరి ముఖం ఒకరు చూసుకుంటారు.

గైడు అనుభవజ్ఞుడైతే ఇక్కడే ఒక పరీక్ష పెడతాడు: "పిల్లి ఎక్కడుందో చెప్పండి." చార్మినార్ గోడల మీది గచ్చుపనిలో పువ్వులు, తీగల మధ్య ఒక చిన్న పిల్లి తల ఉంది. వందసార్లు ఆ దారిన వెళ్లినవాళ్లు కూడా దాన్ని చూసి ఉండరు. ప్లేగు పోయినందుకు చార్మినార్ కట్టారు కాబట్టి ఎలుకలను పట్టే పిల్లిని పెట్టారని ఒక కథ. మహమ్మద్ కులీ ప్రేయసిగా చెప్పే భాగమతి కథ, గోల్కొండకు సొరంగం కథ కూడా వరసగా వస్తాయి. భాగమతి ఉందా లేదా అన్నదాని మీద చరిత్రకారులు ఏనాటి నుంచో వాదించుకుంటున్నారు. సొరంగమైతే ఇంతవరకు ఎవరికీ దొరకలేదు. కథను కథగా, శాసనాన్ని శాసనంగా చెప్పే గైడు దొరికితే ఆ పూట కలిసొచ్చినట్టే.

నాలుగడుగులు ఉత్తరానికి వేస్తే గుల్జార్ హౌజ్. చుట్టూ నాలుగు పెద్ద కమానులు: చార్మినార్ కమాన్, మచ్లీ కమాన్, కాలీ కమాన్, షేర్-ఎ-బాతిల్ కీ కమాన్. ఇవి కోట గుమ్మాలు కావు, రాజప్రాసాదం ముందున్న విశాలమైన మైదానానికి ద్వారాలు. పడమటి కమానుకు అవతల కుతుబ్‌షాహీ మహళ్లు ఉండేవి, ఆ కమానుకు జరీ తెర వేలాడేదట. 1687లో గోల్కొండ ఔరంగజేబు వశమైన తర్వాత మహళ్లు ఒక్కొక్కటిగా పోయాయి. తలుపులు మిగిలి ఇల్లు పోయిన చోటు ఇది. ఇప్పుడు కమానుల కాళ్లకు దుకాణాలు, మీటరు డబ్బాలు, కేబుల్ తీగలు అల్లుకుని ఉన్నాయి. మైదానంలో ముత్యాలు, బంగారం అంగళ్లు. హౌజు మాత్రం రోడ్డు మధ్య చిన్న ఫౌంటెన్‌గా మిగిలింది.

మచ్లీ కమాన్ దాటగానే ఊరి తీరు మారిపోతుంది. అప్పటిదాకా సున్నం, గచ్చు, తీగలు, పువ్వులు. ఇక్కడి నుంచి రోడ్డుకు రెండు వైపులా ఒకే ఎత్తులో, ఒకే కొలతలో చెక్కిన నల్లరాతి కమానుల వరస. కింద అంగళ్లు, పైన గదులు. ఇది పత్తర్‌గట్టి. మొదటిసారి చూసినవాళ్లు దీన్ని కూడా కుతుబ్‌షాహీల ఖాతాలో వేసేస్తారు. కానీ ఇది ఇరవయ్యో శతాబ్దపు కట్టడం, చార్మినార్‌కు మూడు వందల ఏళ్లు చిన్నది. మధ్యలో ఉండాల్సిన పాత ఇళ్లు ఏమయ్యాయంటే, జవాబు మూసీ.

1908 సెప్టెంబర్ చివరి వారంలో మూసీ పరీవాహక ప్రాంతంలో కుండపోత వానలు కురిశాయి. పైన రెండు వందలకు పైగా చెరువులు తెగాయి. ఒక చెరువు తెగితే దాని నీళ్లు కింది చెరువు మీద పడతాయి, అది తెగితే దాని కిందిది. తెలంగాణలో గొలుసుకట్టు చెరువులు కరువులో ఎంత ఆదుకుంటాయో, అప్పుడు అంత ముంచాయి. సెప్టెంబర్ 28న నది నగరం మీదికి వచ్చేసింది. 15 వేల మంది దాకా చనిపోయారని అంచనా. ఉర్దూ రుబాయీలకు పేరుపడ్డ అమ్జద్ హైదరాబాదీ అప్పటికి యువకుడు. తల్లి, భార్య, బిడ్డ ముగ్గురూ ఆయన కళ్లముందే కొట్టుకుపోయారు. ఆయనొక్కడే బతికి బయటపడి, తర్వాత ఆ వరద మీద కవిత రాశాడు.

మరుసటి ఏడాది మోక్షగుండం విశ్వేశ్వరయ్యను పిలిపించారు. ఆయన సలహా మీదనే మూసీ మీద ఉస్మాన్‌సాగర్, దాని ఉపనది ఈసీ మీద హిమాయత్‌సాగర్ వచ్చాయి. 1912లో సిటీ ఇంప్రూవ్‌మెంట్ బోర్డు ఏర్పడింది. పత్తర్‌గట్టి ఆ బోర్డు పనే. రోడ్డు వెడల్పు చేశారు, మురికి కాలువలు వేశారు, రాతి బజారు లేపారు. దుకాణాలు మూసి ఉన్నప్పుడు కమానుల మీదుగా కళ్లు పోనిస్తే వరస ఎక్కడా చెదరదు. తెరిచాక ఒక్కో దుకాణదారుడు తన కమానుకు తనకు నచ్చిన రంగు బోర్డు తగిలించి ఆ వరసకు ముగింపు పలికాడని తెలుస్తుంది.

వరద ఎంత ఎత్తు వచ్చిందో లెక్కలు చదివితే తలకెక్కదు. బాద్‌షాహీ అషుర్‌ఖానాలో గోడ చూస్తే చాలు. పత్తర్‌గట్టి నుంచి కొద్ది దూరంలో, బయట నుంచి పెద్దగా ఆనవాలు లేని ఆవరణ ఇది. పల్లెటూళ్లలో పీర్ల చావిడి ఎలాగో, కుతుబ్‌షాహీ రాజులకు ఇది అలాగ. మొహర్రంలో పీర్లు నిలిపే చోటు. దీన్నీ మహమ్మద్ కులీయే కట్టించాడు. లోపలి గోడల మీద రంగురంగుల పింగాణీ పలకల పని 1611 నాటిది. మొఘల్ పాలన వచ్చాక ఇక్కడ సంతాప సభలు ఆగిపోయాయి. రెండో నిజాం కాలంలో మళ్లీ బాగుపడింది, ముందు చెక్క స్తంభాల మండపం చేరింది.

చెప్పులు విప్పి లోపలికి వెళ్తే మొదట పసుపు రంగు కంటికి కొడుతుంది. ఇరాన్ పలకల్లో నీలానిదే రాజ్యం. ఇక్కడ దానికి దీటుగా పసుపూ మెరుస్తుంది. షట్కోణాలు తేనెతుట్టెలా ఒకదానికొకటి అతుక్కుని గోడంతా పాకాయి. మధ్యలో పీరు ఆకారం, దాని లోపల అక్షరాలు. కాసేపు పైకి చూశాక గైడు చూపు కిందికి దించమంటాడు. గోడ కింది భాగంలో అదే నమూనా, అవే రంగులు ఉంటాయి గానీ ఏదో తేడా కొడుతుంది. దగ్గరికెళ్తే తెలుస్తుంది, అక్కడ పలకలు లేవు. రంగులతో వేసిన బొమ్మ. 1908లో మూసీ నీళ్లు లోపలికి వచ్చి కింది పలకలను పాడుచేశాయి. మళ్లీ అలాంటివి చేయడం ఎవరి తరం కాక, పలకలు ఉన్నట్టు గోడ మీద రంగు వేశారు. పై భాగం మీద వెలుతురు పడితే మెరుస్తుంది, కింది భాగం మెరవదు. మెరుపు ఆగిన ఎత్తులో గీత గీస్తే వరద మట్టం ఎంతో పోల్చుకోవచ్చు. ఈ నడకలో ఒక్క చోటే ఆగేంత తీరిక ఉంటే, ఆగాల్సింది ఇక్కడ.

మదీనా చౌరస్తా దాటి నది ఒడ్డుకు వస్తే హైకోర్టు. ఎర్ర ఇసుకరాయి, లేత గులాబీ గ్రానైటు, పైన గుమ్మటాలు. విన్సెంట్ ఎష్ అనే బ్రిటిష్ ఆర్కిటెక్ట్ రూపకల్పన, 1920లో తెరిచారు. లోపలికి ఊరికే పోనివ్వరు, గేటు బయట నుంచి చూడాల్సిందే. నయాపూల్ వంతెన నుంచి చూస్తే ఒడ్డు పొడవునా పాలకులు వేసిన లెక్క అర్థమవుతుంది. నది కొట్టుకుపోయిన ఖాళీలో ఇవతల కోర్టు, దాని పక్కన సిటీ కాలేజీ, అవతల ఉస్మానియా ఆసుపత్రి, అసఫియా లైబ్రరీ. బీదలు కాపురమున్న రేవులన్నీ ప్రభుత్వ భవనాల ముఖద్వారాలయ్యాయి. అందులో బాగు ఎంత, పోగొట్టుకున్నది ఎంత అని గైడ్లు సాధారణంగా అడగరు. బృందంలో ఎవరైనా అడిగితే బాగుంటుంది.

నయాపూల్ మీద ఆగినప్పుడు వాసనకు ముక్కు మూసుకోక తప్పదు. పడమరగా 1578 నాటి పురానాపూల్ ఉంది. 1908 వరదకు తట్టుకుని నిలిచింది అదే. తూర్పుగా చూస్తే నది నడుమ దిబ్బ మీద మహాత్మాగాంధీ బస్ స్టేషన్. 2025 సెప్టెంబర్ చివర్లో జంట జలాశయాల గేట్లు ఎత్తినప్పుడు ఆ బస్ స్టేషన్‌లోకి నీళ్లొచ్చి ప్రయాణికులను బయటికి తీసుకురావాల్సి వచ్చింది. ఆనకట్టలు కట్టి వందేళ్లయినా మూసీ నెల మరిచిపోలేదు.

చివరి మజిలీ ఉస్మానియా ఆసుపత్రి. పాత భవనం కూడా ఎష్‌దే. 2020 జులైలో వాన నీళ్లు వార్డుల్లోకి చేరడంతో రోగులను తరలించి దాన్ని ఖాళీ చేశారు. కొత్త ఆసుపత్రికి 2025 జనవరిలో గోషామహల్‌లో శంకుస్థాపన చేశారు. ఆవరణలో నది వైపు ఒక చింతచెట్టుంది. 1908లో సుమారు 150 మంది దాని కొమ్మలెక్కి ప్రాణాలు దక్కించుకున్నారు. చెట్టు ఇప్పటికీ కాయలు కాస్తుంది. పక్కన రోగుల బంధువులు కూర్చుని ఉంటారు, కాబట్టి ఇరవై మంది బృందం మైకు పట్టుకుని వెళ్లడం మర్యాద కాదు. తెలిసిన గైడ్లు విషయమంతా గేటు బయటే చెప్పేసి, లోపల మాట్లాడకుండా చూపిస్తారు.

వెళ్లదలచినవాళ్లకు కొన్ని మాటలు. శుక్రవారం వద్దు, మక్కా మసీదు చుట్టూ రద్దీ, సాలార్‌జంగ్ మ్యూజియానికీ చౌమహల్లాకూ సెలవు. తేలిగ్గా విప్పే చెప్పులు వేసుకోవాలి. మొహర్రం రోజుల్లో అషుర్‌ఖానా ప్రార్థనా స్థలం, అప్పుడు ఫొటోలు తీసే ముందు అక్కడివాళ్లను అడగాలి. ఏటా సెప్టెంబర్ 28న కొందరు చింతచెట్టు దగ్గర చేరి వరద మృతులను తలుచుకుంటారు. ఆ వారంలో నడక పెట్టుకుంటే గొడుగు మాత్రం ఇంట్లో వదిలేయకూడదు.