సంరక్షణాలయములు: విద్య నుండి నిర్బంధమునకు

బుద్ధివికాసము మందముగా నుండు పిల్లలకు విద్య యబ్బదని లోకము చిరకాలము నమ్మెను. ఈ నమ్మకమును సడలించినవారు ఫ్రాన్సు దేశపు వైద్యులు. అడవిలో పెరిగి 1800లో జనులకు చిక్కిన విక్టర్ అను బాలునికి ఇటార్ అను వైద్యుడు కొన్ని సంవత్సరములు శిక్షణ మిచ్చెను. బాలునికి మాటలు రాలేదు. కాని వ్రాసిన పదములు కొన్ని తెలిసెను. ఇటార్ మార్గము ననుసరించిన సెగ్విన్, ముందు కన్నులకును చేతులకును అభ్యాసము, పిదప అక్షరము అను క్రమము నేర్పరచెను.

అమెరికాలో హౌ అను వైద్యుడు 1848లో బోస్టన్ నగరమున ఇట్టి పిల్లలకు పాఠశాల స్థాపించెను. కొన్నియేండ్లు నేర్పి యింటికి పంపుట దాని యుద్దేశము. కాలక్రమమున ఇట్టి సంస్థలలో పంపుట తగ్గెను, చేర్చుకొనుట హెచ్చెను. పెక్కు కుటుంబములకు పోషించు శక్తి లేదు. అందరి నొకచోట నుంచుట ప్రభుత్వములకు చౌకగా తోచెను. వీరివలన జాతి క్షీణించునను తప్పుడు సిద్ధాంతము ఇరువదవ శతాబ్దారంభమున వారిని సమాజమునకు మరింత దూరము చేసెను. ఒకే లోపము గలవారిని గుంపుగా నుంచరాదని హౌ 1866లోనే హెచ్చరించి యుండెను.

న్యూయార్కు నగరములోని విల్లోబ్రూక్ సంస్థ 4,000 మందికై కట్టబడినది. 1965 నాటికి అందు 6,000 మంది యుండిరి. బట్టలు లేక, పలుకరించువారు లేక వారు నేలపై పడియుండుటను 1972లో టెలివిజన్ లోకమునకు చూపెను. తల్లిదండ్రులు న్యాయస్థానమున కెక్కిరి. 1975లో ఒడంబడిక కుదిరెను. 1987లో సంస్థ మూతపడెను. అందలివారు పెక్కురు జనుల నడుమనున్న చిన్న యిండ్లకు చేరిరి.

విద్యార్థులారా! నేర్పుట మానిన నాడే ఆ పాఠశాల చెరసాల యయ్యెను. మన వీథిలో అట్టి బాలుడున్నచో, పేరుపెట్టి పిలిచి ఆటలో చేర్చుకొనుడు. ఈ చరిత్ర చెప్పు మొదటి పాఠ మదియే.