ఏ ఆటను ఏ అరలో పెట్టవలెను?

మన పేటలలో ఇప్పుడు ప్రతి యింట ఒక సెల్‌ఫోను, ప్రతి సెల్‌ఫోనులో ఒక ఆట వున్నవి. పిల్లవాడు ఆడుకొనుట ఒక యెత్తు. తాను ఆడుచున్న ఆటను ఊరివారికి, పరాయి ఊరివారికి అప్పటికప్పుడు చూపించుట మరియొక యెత్తు. దీనినే లైవ్ అంటున్నారు. ఇందులో చిక్కేమున్నది, ఫోను ముందు కూర్చొని ఆడితే చాలదా అని మేమును అనుకొన్నాము. 2025 జ్యేష్ఠము మొదలు శ్రావణము వరకు మా చెల్లెలి యింట జరిగిన సంగతి మా అభిప్రాయమును మార్చివేసినది. అది మన కుటుంబములలో మరికొందరికి పనికివచ్చునని తోచి వ్రాయుచున్నాము.

మా బావగారికి నీలం నగర్ వైపు అద్దె షెడ్డులో నాలుగు సాంచాలు వున్నవి. చెల్లెలు ఇంట బీడీలు చుట్టును. వారికి ఒక్కడే కొడుకు. పన్నెండవ తరగతి ముగించి, పదునెనిమిది యేండ్లు నిండిన మా మేనల్లుడు రాత్రి భోజనము కాగానే అటక మీది గదిలో కూర్చొని, ఒంటి గంట వరకు ఫోనుతో ఆడుచు, మాట్లాడుచు వుండెడివాడు. ఆ ఫోను వాయిదాల మీద కొన్నది. వాయిదాలు కట్టువారు బావగారు.

ఒక ఆదివారము బావగారు మా యింటికి వచ్చి గట్టిగానే అడిగినారు. "పోరడు గోడతోని మాట్లాడుతున్నడు బావా. నైటు షిఫ్టుకు మనిషి దొరుకుతలేడు. వీడు సాంచాల మీదకి రాడు, కాలేజీ ఫారం నింపడు. నువ్వు ఆఫీసుల ఉన్నోనివి, లెక్క తెలిసినోనివి. మార్కండేయ స్వామి రథం ఎళ్లేనాటికి ఒక్క మాట తేల్చు. ఉంచుదామా, ఫోను అమ్ముదామా?"

శ్రావణ పౌర్ణమినాడు రథము. మాకు రమారమి రెండు నెలల గడువు చిక్కినది.

మేము నూలు, చద్దర్ల వ్యాపారము చేయు ఒక ఆఫీసులో గుమాస్తాగా వున్నాము. ఆటల సంగతి మాకు తెలియదు గాని, ఖాతా చూచుట తెలియును. కనుక మేనల్లుని పక్కన కూర్చొని, ఎన్ని రోజులు లైవ్ పెట్టినావు, ఎంతసేపు, ఎందరు చూచినారు అని ఒక పాత బుక్కులో వ్రాయించినాము. డెబ్బది రాత్రులు. సగటున నలుగురు. ఆ నలుగురిలో ముగ్గురు వాని స్నేహితులు. నాలుగవ వారు ఎవరని అడిగితే, "నేనే మామా, అమ్మ ఫోనుల పెట్టి చూసుకుంటున్న" అన్నాడు. మాకు నవ్వు రాలేదు. వాడు అంత సేపును ఎదురు చూచుచునే వున్నాడని తెలిసినది.

ఏ ఆట అని అడిగినాము. బ్యాటిల్‌గ్రౌండ్స్ మొబైల్ ఇండియా అన్నాడు. అది దేశమంతటా లక్షలమంది ఆడు ఆట. పబ్‌జీ మొబైలును ప్రభుత్వము 2020 సెప్టెంబరులో నిషేధించిన తరువాత 2021 జూలైలో ఈ పేరుతో వచ్చినది. 2022 జూలైలో ఇదియు తొలగింపబడి, 2023 మే నెలలో తిరిగి వచ్చినది. ఆ పది నెలలు ఈ ఒక్క ఆటనే నమ్ముకొన్న పిల్లల ఛానెళ్ల గతి యేమై యుండునో చదువరులే ఊహింపగలరు.

ఇక అసలు విషయము. లైవ్ చూపించు వేదికలలో ట్విచ్ ఒకటి. ఇది 2011లో మొదలైనది. 2014లో అమెజాను కంపెనీ దీనిని కొన్నది. యూట్యూబు మన అందరికి తెలిసినదే. వీటిలో లైవ్ పెట్టువాడు తాను ఆడు ఆట పేరును ముందుగా ఎంచుకొనవలెను. దానిని కేటగిరీ అందురు; మన మాటలో అర అందాము. దుకాణములో చద్దర్లకు ఒక అర, టవెళ్లకు ఒక అర, లుంగీలకు ఒక అర వున్నట్లే, అక్కడ ప్రతి ఆటకు ఒక అర వున్నది. చూచువాడు ముందు అరను తెరచును. అందులో ఎవరెవరు ఆడుచున్నారో చూచి, ఒకరిని ఎంచుకొనును. సాధారణముగా ఎక్కువమంది చూచుచున్న వారి పేరు పైన, తక్కువమంది చూచుచున్న వారి పేరు అడుగున వుండును.

ఈ మాట తెలియగానే మేనల్లుని ఖాతాలోని చిక్కు మాకు బోధపడినది. వాడు చేరిన అరలో ఆ సమయమునకు వందల మంది ఆడుచున్నారు. మేము బొటనవ్రేలితో జరుపుచు జరుపుచు పోగా, వాని పేరు చాల క్రింద దొరికినది. అంత దూరము కొనుగోలుదారు ఎవడు వచ్చును? చద్దర్ల గుట్టలో అట్టడుగు చద్దరు ఎంత మంచిదైనను దానిని ఎవరు లాగి చూతురు?

అయితే ఎవరును లేని అరలోనికి పోదామా అన్నాము. అదియు పొరపాటే. ఆడువారు లేని చోట చూచువారును వుండరు. ఊరి బయట ఒంటరిగా దుకాణము పెట్టినట్లగును. ఎప్పుడో ఒకసారి మాత్రము అట్టి అరకు కాలము కలిసివచ్చును. అమాంగ్ అస్ అను ఆట 2018లో ముగ్గురు నలుగురు కలసి చేసినది. రెండేండ్లు దానిని పట్టించుకొన్నవారు తక్కువ. 2020లో పేరున్న కొందరు లైవ్‌లో ఆడగానే ప్రపంచమంతటా ప్రాకినది. కాని అది వారి పేరు బలము. మన పిల్లవాడు అట్టి అదృష్టము కొరకు కూర్చొనుటకు వీలులేదు. రథము దగ్గర పడుచున్నది.

ఈలోగా వానికి ఒక స్నేహితుడు ఉపాయము చెప్పినాడు. ఆడునది క్యారమ్స్, అర మాత్రము ఆనాడు జనము మూగుచున్న కొత్త ఆటది. మాతో చెప్పకుండ అట్లే చేసినాడు. ఆ రాత్రి నలుబదిమంది వచ్చినారు. వచ్చినవారు వచ్చినట్లే తిట్టి పోయినారు. ఎవరో ఫిర్యాదు చేసినారు. లైవ్ మధ్యలో ఆగి, మరల ఇట్లు చేసిన ఛానెలు పోవునని హెచ్చరిక వచ్చినది. తప్పు పేరుతో చూచువారిని రప్పించుట ఈ వేదికల నియమములకే విరుద్ధము. వాడు మరునాడు అన్నము తినలేదు.

అప్పుడు మేము మా తప్పు ఒకటి వానికి చెప్పినాము. ఉద్యోగములో చేరిన రెండవ యేట, టవెళ్ల గట్లకు చద్దర్ల చిట్టీలు అంటించి పంపినాము. పదకొండు గట్లు. అక్కడి వర్తకుడు విప్పి చూచి, అంతయు త్రిప్పి పంపినాడు. పోను రాను లారీ కిరాయి మా యజమానిపై పడినది. టవెళ్లు మంచివే. చిట్టీ తప్పు. ఆ వర్తకుడు ఆ తరువాత మా మంచి చద్దర్లను కూడ అనుమానముతోనే విప్పెడివాడు. మన సోలాపురి చద్దరుకు, టెర్రీ టవెలుకు 2005-06లో భౌగోళిక గుర్తింపు తెచ్చుకొన్నది ఎందుకు? వేరేచోట నేసిన సరకును మన పేరుతో అమ్మరాదనియే గదా. ఆ పేరు తిన్న దెబ్బ ఎట్టిదో మన నేతవారికంటె ఎవరికి ఎక్కువ తెలియును?

వాడు చాలసేపు ఊరకుండి, "మరి నేను ఏ అరల కూసోవాలె మామా?" అని అడిగినాడు.

నీకు ఏ ఆట గురించి గంటసేపు ఆపకుండ చెప్ప వచ్చును అని అడిగినాము. వాడు ఆలోచింపకుండ చదరంగము అన్నాడు. ఈ ఆట వానికి వాని తాత నేర్పినాడు. మగ్గము ఆపి, మధ్యాహ్నము చల్లబడువరకు ఇద్దరును అరుగుమీద ఆడెడివారు. తాత పోయిన తరువాత వానితో ఆడువారు ఇంట లేరు.

చదరంగపు అరను తెరచి చూచినాము. 2020లో లాక్‌డౌను రోజులలో ఈ అర బాగుగా నిండినది. హాస్యగాడు సమయ్ రైనా, నాసిక్‌వాడైన గ్రాండ్‌మాస్టరు విదిత్ గుజరాతీ మొదలైనవారు ఆ యేడు లైవ్‌లో ఆడుచు మాట్లాడుచుండగా, చదరంగము తెలియనివారు కూడ చూచినారు. అరలో ఆంగ్లమువారు, హిందీవారు పలువురున్నారు. మేము చూచిన రాత్రులలో తెలుగులో చెప్పువారు మాకు ఒక్కరును కనబడలేదు. జనము వుండవలెను, వారిలో మన మాట వినగోరువారికి మరియొకరు దొరకకుండవలెను. మధ్యస్థమైన అర అనగా ఇదే. వాడు పేరుపట్టీలో భాష తెలుగు అని, మరాఠీ అని వ్రాసినాడు. మన యిండ్లలో ఈ రెండును ఒకే నోట వచ్చునవే గదా.

మొదటి వారము ఆరుగురు. రెండవ వారము తొమ్మిదిమంది. బావగారు ఏమియు అనలేదు గాని, అటక మెట్ల దగ్గర నిలిచి వినుచున్నట్లు చెల్లెలు చెప్పినది.

అంతలో జూలై నెల చివర జార్జియా దేశపు బతూమీ నగరములో మహిళల ప్రపంచ కప్పు ఫైనలు వచ్చినది. ఒకవైపు ఆంధ్రదేశపు కోనేరు హంపి, మరియొకవైపు నాగపూరు పిల్ల దివ్యా దేశ్‌ముఖ్. రెండు పెద్ద ఆటలును డ్రా అయినవి. జూలై 28న టైబ్రేకులో దివ్య గెలిచి, ఆ గెలుపుతోనే గ్రాండ్‌మాస్టరు బిరుదు పొందినది. మన యిండ్లలో ఎవరి పక్షము వహించవలెను? తల్లి భాష ఒకరిది, ఉన్న నేల మరియొకరిది. ఆ రాత్రి మేనల్లుడు ఆ ఎత్తులను ఒక్కొక్కటిగా బల్లపై పెట్టి, తెలుగులో ఒక మాట, మరాఠీలో ఒక మాట చెప్పుచు పోయినాడు. ముప్పది ఎనిమిదిమంది చూచినారు. ఒకరు వరంగల్లు నుండి వ్రాసినారు. మా ఊరి అర్జున్ ఎరిగైసి ఆటను కూడ ఇట్లే చెప్పుమని. మన తాతలు ఆ ప్రాంతములనుండి మగ్గములతో ఇక్కడికి వచ్చినారు. అక్కడివారికి మన మాట అందినది. మా మేనల్లుడు ఆ సందేశమును నిద్రపోవుచున్న తల్లిని లేపి చదివి వినిపించినాడు.

రథము వెళ్ళినది. బావగారు ఇచ్చిన గడువు ముగిసినది. మేము బుక్కు వారి ముందు పెట్టినాము. డబ్బు వచ్చినదా? రాలేదు. ఇప్పట్లో వచ్చునని చెప్పుటకును మాకు ధైర్యము లేదు. కాని డెబ్బది రాత్రులు నలుగురికి చెప్పినవాడు, తగిన అరలో కూర్చొన్న తరువాత సగటున ఇరువదిమందికి చెప్పుచున్నాడు. "గోడతోనైతే మాట్లాడుతలేడు" అన్నారు బావగారు. చివరికి ఇట్లు తేలినది. బీ.కాం.లో చేరవలెను, సాయంత్రము మూడు గంటలు షెడ్డులో కండెలు చుట్టవలెను, వారమునకు మూడు రాత్రులు, పదకొండున్నర వరకు, లైవ్. ఫోను అమ్మకము మానినారు.

ఇట్టి పిల్లలున్న తల్లిదండ్రులకు మేము నేర్చుకొన్న నాలుగు మాటలు చెప్పి ముగించెదము.

తెర మీద ఏది వున్నదో అదే అర పెట్టవలెను. ఆట మారిన వెంటనే అర మార్చవలెను. ఆట ఆపి కబుర్లు చెప్పుచున్నచో, కబుర్లకు వేరే అర వున్నది. లైవ్ పెట్టుటకు ముందు, ఆ గంటకు ఆ అరలో ఎందరు ఆడుచున్నారో, ఎందరు చూచుచున్నారో చూడవలెను. వ్రాసి పెట్టుకొన్న మరీ మంచిది. పదునారేండ్లు నిండని పిల్లలు ఒంటరిగా లైవ్ పెట్టరాదని యూట్యూబు 2025 జూలై 22 నుండి నియమము చేసినది. చిన్నవారిని పక్కన పెద్దవారు లేకుండ కూర్చొనబెట్టరాదు.

నాలుగవది ముఖ్యము. డబ్బు పెట్టి ఆడు ఆటల అరలోనికి పోరాదు. ఇరువదిమంది చూచుట మొదలుకాగానే మా మేనల్లునికి ఒక సందేశము వచ్చినది. ఫలానా పేకాట యాప్ పేరు లైవ్‌లో చెప్పిన రోజుకు ఇంత యిత్తుమని. ఆ మొత్తము వాని తండ్రి రెండు రోజుల సంపాదనకు పై మాట. తెలంగాణములో 2017లో, ఆంధ్రప్రదేశములో 2020లో ఇట్టి ఆటలను నిషేధించినారు. 2025 ఆగస్టులో పార్లమెంటు చేసిన చట్టము దేశమంతటికిని వర్తించునది; ఆ ఆటలు నడుపుటయే గాక, వాటిని ప్రచారము చేయుటను కూడ నేరముగా చెప్పినది. వాడు ఆ సందేశమును మాకు చూపించి తుడిచివేసినాడు. మమ్ము అడుగవలెనని వానికి తోచినందుకు సంతోషించినాము.

మొన్న మా అమ్మ, అనగా వాని అమ్మమ్మ, అష్టాచెమ్మా గవ్వలు సర్దుకొనుచు, "నా ఆటకు ఏమన్న అర ఉన్నదా బిడ్డా?" అని వానిని అడిగినది. వాడు ఫోనులో వెదకి, బల్ల ఆటలకన్నిటికి కలిపి ఒక అర వున్నదనినాడు. ఈ ఆదివారము మధ్యాహ్నము అమ్మమ్మ, మనుమడు గవ్వలు వేయుదురు. గళ్లు సుద్దతో గీయు పని మా బావగారు తీసుకొన్నారు.