ఒంటిమిట్ట రాతి గుడి

కడపలో రాజంపేట బస్సు ఎక్కితే పాతిక కిలోమీటర్ల దగ్గర ఒంటిమిట్ట వస్తుంది. దూరం నుంచే పెద్ద గోపురం కనపడుతుంది. అక్కలారా, మీలో చాలామంది ఆ గుడికి పోయే ఉంటారు. ఈసారి పోయినప్పుడు దేవునితో పాటు రాళ్ళను కూడా చూడండి.

ఒంటుడు, మిట్టుడు అనే ఇద్దరు దొంగలు మంచివాళ్ళుగా మారి ఈ గుడి కట్టించారని పెద్దలు చెప్తారు. అది కథ. శాసనాలు ఇంకో సంగతి చెప్తాయి. శాసనం అంటే రాతి మీద చెక్కిన రాత. ఇప్పుడు మనం పొలం అమ్మితే కాగితం రాసుకుంటాం. ఆ రోజుల్లో రాయి మీద చెక్కించేవాళ్ళు. ఒంటిమిట్టలో 1555లో, 1558లో వేయించిన శాసనాలు ఉన్నాయి. అప్పుడు విజయనగర రాజు సదాశివరాయలు. గోపురానికి, ప్రాకారానికి, రథానికి, పూజలకు ఊర్లను రాసిచ్చినట్టు వాటిలో ఉంది. అంటే ఆ ఊర్లల్లో సేద్యం చేసినవాళ్ళ పంటలోంచే ఈ గోడలు లేచాయి. ఇచ్చిన దొరల పేర్లు రాతిలో ఉంటాయి. రాళ్ళు మోసిన కూలోళ్ళ పేర్లు మామూలుగా ఎవరూ రాయరు.

లోపల మండపానికి 32 స్తంభాలు. స్తంభాల మీద సింహం లాంటి యాళి బొమ్మలు, కొండను ఎత్తిన కృష్ణుడు కనపడతారు. విజయనగర కాలంలో గోపురం కింది భాగం రాయితో కట్టేవాళ్ళు, పైన ఇటుక, సున్నం వాడేవాళ్ళు. పైన బరువు తగ్గాలి కదా! గర్భగుడిలో రాముడు, సీత, లక్ష్మణుడు ముగ్గురూ ఒకే రాతిలో ఉన్నారు. అందుకే దీన్ని ఏకశిలానగరం అంటారు. వాళ్ళ పక్కన ఆంజనేయుడు లేడు. రామునికి ఆంజనేయుడు ఇంకా కలవక ముందు సంగతి ఇది అని చెప్పుకుంటారు.

1652లో టావెర్నియర్ అనే ఫ్రాన్సు దేశపు రత్నాల వ్యాపారి గండికోటకు పోతూ ఈ గుడి చూశాడు. దేశంలోని గొప్ప గుళ్ళల్లో ఇది ఒకటని తన పుస్తకంలో రాశాడు.

నాకైతే గోపురం కంటే బావి పెద్దది అనిపిస్తుంది. మన సీమలో నీళ్ళ విలువ మనకు తెలుసు. ఇమాంబేగ్ అనే ముస్లిం అధికారి ఇక్కడ బావి తవ్వించాడు. దాన్ని ఇప్పటికీ ఆయన పేరుతోనే పిలుస్తారు.

తర్వాత గుడి పాడుబడింది. వావిలికొలను సుబ్బారావు గారు మద్రాసులో కాలేజీ పంతులు ఉద్యోగం వదిలి వచ్చారు. టెంకాయ చిప్ప పట్టుకుని ఊరూరా అడుక్కుని, ఆ డబ్బుతో గుడిని బాగు చేయించారు.

ఇంకో మాట. తెలుగులో దొరికిన మొదటి శాసనం మన కడప జిల్లా కలమళ్ళలోనే ఉండేది. అది సుమారు 575 నాటిది. మీ ఊరి గుడి దగ్గర, చెరువు కట్ట మీద కూడా రాత రాయి ఉండొచ్చు. 1555 నాటి రాతలో మీరు నేర్చిన అక్షరాలు కొన్నిటిని పోల్చుకోవచ్చు. అట్లాంటి రాయి మీద బట్టలు ఉతకొద్దు. సున్నం కొట్టనీయొద్దు. పునాదిలో వేయనీయొద్దు. పంచాయితీలో చెప్పి, అర్జీ రాసి పెట్టండి. మైసూరులో శాసనాల ఆఫీసు ఉంది. అక్కడివాళ్ళు రాయికి తడి కాగితం అంటించి, బ్రష్షుతో కొట్టి, సిరా అద్ది అచ్చు తీసుకుంటారు. రాయి ఉన్నచోటే ఉంటుంది.